మూడో రుమాలు

రజాకార్లు పారిపోయిన మర్నాడు దొర గడీలో వాళ్ల సర్దారు పెట్టె పగలగొడితే, అడుగున, తూటాల సంచి కింద, ఐలేశం గడియారం రుమాలు నాలుగు మడతల్లో కనిపించింది.

చుట్టూ మూగిన తాళ్లబావి జనానికి అంతవరకూ అది జాతరే. యూనియన్ సైన్యం హైదరాబాదు చేరిందని కబురు వచ్చింది. దొర అంతకు ముందే పట్నం పోయాడు. గడీలో మకాం పెట్టి మూడు నెలలు ఊరిని పీడించినవాళ్లు లారీ ఎక్కి మాయమయ్యారు. ముసలీ ముతకా వంతులవారీగా దొర కుర్చీలో కూర్చుని లేస్తున్నారు. రుమాలు బయటపడగానే కుర్చీ ఖాళీ అయింది.

కారణం బీరన్న. బీరన్న గొర్లకాపరి. సంఘం చీటీలు గొంగడి మడతల్లో దాచి, గుట్టల మీది దళానికి చేర్చేవాడు. ఆ సంగతి ఊళ్లో నలుగురికి మించి తెలియదు. శ్రావణంలో ఒకనాడు పట్టపగలు వాగు దాటుతుంటే, మొగలిపొదల వెనక కాచుకుని ఉన్న రజాకార్లు అతన్ని కాల్చేశారు. నిలబెట్టి పేరు కూడా అడగలేదు. ఎవరో ముందే చెప్పారన్నది ఊరికి తేటతెల్లం. ఎవరన్నదే తెలియలేదు. నెలరోజులుగా ఊళ్లో ప్రతివాడూ పక్కవాడి మొహం దొంగచాటుగా చూస్తున్నాడు.

ఇప్పుడు అందరూ రుమాలును చూశారు. ఎవరి బట్ట సర్దారు పెట్టెలో దాగి ఉందో, వాడే చెప్పి ఉండాలి.

నూనెలో, బూడిదనీళ్లలో పదిహేను రోజులు నానబెట్టిన దారంతో నేసిన రుమాలది. ఎర్రటి నేల, నల్లటి చట్రం, మధ్యలో గుండ్రటి తెల్ల గడియారం, దానికి రెండు నల్ల ముళ్లు. ఐలేశం సాక్ష్యానికి నల్గొండ కచేరీకి పోయి, గోడ మీది గడియారం చూసి వచ్చి కట్టిన బొమ్మ. అలాంటి బొమ్మ చుట్టుపక్కల ఏ ఊళ్లోనూ, పోచంపల్లిలో కూడా, ఎవరూ కట్టలేదు. అయినా సాలెవాడలో ఒక కట్టుబాటు ఉంది. బట్ట ఎవరిదని తగువు వస్తే, నేసినవాడితో ఒకే గురువు దగ్గర పని నేర్చుకున్నవాడు చేత్తో పట్టుకుని చెప్పాలి. వాడి మాటే సాక్ష్యం.

ఐలేశంతో పాటు నేర్చుకున్నవాడు సీతారాములు ఒక్కడే.

సీతారాములు రుమాలు అందుకుని విప్పాడు. ఒకసారి ఇటు, ఒకసారి అటు తిప్పాడు. "ఐలేశందే" అన్నాడు.

అన్నాక అతని నాలుక మీద బెల్లం ముక్క కరిగినట్టయింది. ఆ తీపికి అతనే ఉలిక్కిపడ్డాడు, కానీ ఉమ్మెయ్యలేదు.

పదేళ్ల ఆకలి అది మరి. ఇద్దరూ గండయ్య దగ్గర ఒకే రోజు మగ్గం గుంటలో కాళ్లు పెట్టారు. దారం మీద బొమ్మకు తగ్గట్టు చిటికి కట్టడం, కట్టినచోట రంగు అంటకుండా అద్దడం, పడుగూ పేకా కలిసేచోట బొమ్మ విచ్చుకునేట్టు నేయడం ఒకే నోటి నుంచి విన్నారు. ఐలేశం చేతికి అది నీళ్లు తాగినట్టు వచ్చింది. సీతారాములు చేతికి చెమటలు పట్టి వచ్చింది. గండయ్య పొరపాటున కూడా సీతారాములు పనిని తిట్టేవాడు కాదు. తిట్లన్నీ ఐలేశానికే. తిట్టదగ్గ పని తనది కాదని సీతారాములుకు అర్థమవడానికి రెండేళ్లు పట్టింది.

ఆపైన శారదమ్మ. సీతారాములుకు సొంత మేనమామ కూతురు. ఉయ్యాలలో ఉన్నప్పుడే వీడికేనన్నారు. తీరా ఈడొచ్చాక మేనమామ ఇద్దరి మగ్గాల ముందూ నిలబడి చూసి, పిల్లను ఐలేశానికి ఇచ్చాడు. ఎద్దును కొనేవాడు పళ్లు చూసినట్టు మామ తన పని చూసి పోవడం సీతారాములు ఇప్పటికీ మరిచిపోలేదు.

ఐలేశాన్ని పట్టుకొచ్చి గడీ ధాన్యపు కొట్లో పెట్టారు. అతను పెద్దగా అరవలేదు. బొమ్మ తనదేనన్నాడు. మూడు రుమాళ్లకు దారం కట్టాననీ, మొదటిది నేసి బీరన్నకు ఇచ్చాననీ, అది అతని తలకు ఉండగానే పూడ్చిపెట్టారనీ, రెండోది ఇంట్లో ఉందనీ, మూడోదాని దారం గండయ్య ఇంట్లో రంగు కాగులోనే చెడిపోయిందనీ చెప్పాడు. చెడిన దారం మంచి రుమాలై సర్దారు పెట్టెలో ఎట్లా దూరిందని ఎవరో అడిగితే, తనకు తెలియదన్నాడు. జనం నవ్వారు.

గండయ్యను అడిగారు. డెబ్భై ఏళ్ల మనిషి. మూడేళ్లుగా కళ్లకు పొరలు కమ్మి, మగ్గం ఎక్కడం మానేశాడు. పెళ్లాం పోయింది, పిల్లల్లేరు. సాలెవాడ ఇళ్ల నుంచి వంతులవారీగా రొట్టె వస్తుంది. కాగులు మాత్రం ఆయనవే మంచివని, ఐలేశం ఆయన వాకిట్లోనే రంగు వేసుకునేవాడు. ముసలాయన రుమాలును ఒళ్లో పెట్టుకుని, బొమ్మ మీద అరచెయ్యి వేసి మెల్లగా నిమిరాడు.

"గడియారం బొమ్మ ఐలేశందే" అన్నాడు. "కాగుల ఏం చెడ్డదో ఏం బాగున్నదో కండ్లు లేనోడ్ని, నాకేమెరుక?"

దాంతో అయిపోయింది. దళానికి కబురు వెళ్లింది. దళం నాయకుడు మారయ్య సోమవారం మధ్యాహ్నం వస్తానన్నాడు. రోడ్డు మీద సైన్యం బండ్లు తిరుగుతున్నాయి. ఆ సైన్యం దళాలనూ పట్టుకుంటోంది, ఇక దళం రాచకొండ గుట్టల్లోకి సర్దుకోవాలి. ఊళ్లో ఉండేది ఒక్క జాము. ఆ జాములోనే సాక్ష్యం వింటాడు, తీర్పు చెబుతాడు. ద్రోహికి దళం వేసే శిక్ష ఏమిటో ఎవరూ ఎవరినీ అడగలేదు. అంతదాకా రుమాలు సాక్షి దగ్గరే ఉండాలని, సీతారాములు చేతికే ఇచ్చారు.

శనివారం మధ్యాహ్నం సీతారాములు తన మగ్గం గుంటలో కూర్చుని రుమాలును మోకాళ్ల మీద పరుచుకున్నాడు.

సాక్ష్యం కోసం కాదు. సాక్ష్యం ఎప్పుడో చెప్పేశాడు. అతనికి కావలసింది ఒక తప్పు. ఐలేశం రేపో మాపో ఉండడు. ఉండనివాడి పనిలో ఒక్క తప్పైనా పట్టుకోకపోతే, వాడు పోయాక కూడా 'అట్లాంటి చెయ్యి మళ్లీ పుట్టదు' అన్న మాట ఈ వాడలో మిగిలిపోతుంది. అది జీవితాంతం వినాలి.

దర్వాజా లోంచి పడుతున్న ఎండకు ఎదురుగా పట్టి చూశాడు. మామూలుగా ఇలాంటి పనిలో రంగు కలిసేచోట పొగమంచులా కొంచెం చెదురుతుంది. ఇక్కడ గడియారం ముళ్లు కత్తితో గీసినట్టున్నాయి. తిరగేసి చూశాడు. ఈ బట్టకు లోపలి వైపు అంటూ ఉండదు. ఎటు చూసినా మొహమే. అటువైపు కూడా కత్తి గీతే. ఇంట్లో ఉన్నదని ఐలేశం చెప్పిన రెండో రుమాలును అతను పండుగనాడు చూశాడు. ఇది దానికంటే కూడా ఒక వెంట్రుకవాసి మేలని అతని కన్ను చెప్పింది.

కన్నుతో లాభం లేదని కళ్లు మూసుకున్నాడు. అది గండయ్య నేర్పినదే. 'కన్ను మోసపోతది, ఏలు మోసపోదు' అని ముసలాయన రోజుకు పదిసార్లు అనేవాడు. అంచు పట్టుకుని బొటనవేలు జరుపుకుంటూ పోయాడు.

బొటనవేలికి ఒక నలుసు తగిలింది.

ఆవగింజలో సగం ఉంటుందేమో. కాస్త జరిపాడు. ఇంకొకటి. మళ్లీ జరిపాడు. అంతే దూరంలో ఇంకొకటి. కళ్లు తెరిచి చూస్తే ఏమీ లేదు, ఎర్రదారంలో ఎర్రముడి కలిసిపోయింది. కళ్లు మూస్తే ఉంది. పేక పోగులు లెక్కపెట్టాడు. ఏడు పోగులకు ఒక ముడి.

అతనికి ఆ ముడి తెలుసు. పని నేర్చుకునే తొలినాళ్లలో గండయ్య ఇద్దరి కళ్లకూ గంతలు కట్టి నెలరోజులు నేయించాడు. కనపడనివాడికి బొమ్మ ఎంతదాకా వచ్చిందో తెలియాలి కదా, అందుకని ఏడు పోగులకొకసారి అంచున ముడి వేసి, వేలితో లెక్కపెట్టుకోమన్నాడు. నెల తరువాత గంతలు విప్పేశారు. ముడులూ మరిచిపోయారు. అది ముసలాయన సొంత ఎత్తు. వాడలో ఇంకే మగ్గం మీదా లేదు.

సీతారాములుకు నవ్వొచ్చింది. దొరికింది తప్పు. లోకమంతా మెచ్చుకునే ఐలేశం, పని నేర్చుకునే పసివాడిలా ముడులు లెక్కపెట్టుకుంటూ నేస్తున్నాడన్నమాట. సంతోషం పట్టలేక పెళ్లాన్ని కేకేశాడు.

నాగులమ్మ జొన్నరొట్టె పిండి చేతులతోనే వచ్చింది. ఆమెకు ఈ ఇంట్లో ఐలేశం మాట వినీ వినీ చెవులు తూట్లు పడ్డాయి. మొగుడు చెప్పిందంతా విని, రుమాలును గానీ అంచును గానీ చూడకుండానే అంది.

"కండ్లున్నోనికి ముడులెందుకయ్యా?"

అని, పొయ్యి మీద పెనం మాడుతుందని వెళ్లిపోయింది.

సీతారాములు అక్కడే ఉండిపోయాడు. నిజమే. కళ్లున్నవాడికి ముడులెందుకు? గంతలు విప్పాక తను ఒక్కటంటే ఒక్క ముడి వేయలేదు. ఐలేశమూ అంతే. ఈ ముడి తెలిసినవాళ్లు లోకంలో ముగ్గురు. ఒకడు తను. తను నేయలేదు. ఒకడు ఐలేశం. వాడికి అవసరం లేదు. మిగిలినది...

సీతారాములు అంచును మళ్లీ పట్టుకుని, మొదటి ముడి నుంచి తడమసాగాడు.

కాగులో చెడిపోయిన దారం. ఎవరి వాకిట్లోని కాగు? మూడేళ్లుగా ముసలాయన మగ్గం ఎక్కలేదని ఊరు ఊరంతా అంటుంది. చూసినవాళ్లెవరు? వంద మగ్గాలు ఆడే వాడలో నూటొకటో మగ్గం చప్పుడు ఎవరికి వినిపిస్తుంది? నెలకోసారి కంటి మందు కోసం భువనగిరి దవాఖానకు బండి కట్టించుకుని పోతాడు. బండిబాట గడీ ముందు నుంచే. 'గడియారం బొమ్మ ఐలేశందే' అన్నాడు మొన్న. బొమ్మ ఐలేశందే అన్నాడు. బట్ట ఐలేశందని అనలేదు. పెద్దమనిషి అబద్ధం కూడా ఆడలేదు.

ఎందుకు చేశాడన్నది మాత్రం సీతారాములు ఎవరినీ అడగనక్కరలేకపోయింది. ఆ మంట ఎక్కడ పుడుతుందో, ఎట్లా పాకుతుందో అతనికి పదేళ్లుగా తెలుసు.

అది అర్థమైన మరుక్షణం అతనికి ఇంకొకటి కూడా అర్థమైంది. దానికి అతను తరువాత ఎంతో సిగ్గుపడ్డాడు, కానీ ఆ క్షణాన అదే ముందు తగిలింది. గురువు కూడా ఓర్వలేనంత పనివాడు ఐలేశం. చంపించాలన్నంత ఓర్వలేనితనం. సీతారాములును చూసి ఇంతవరకూ ఎవరూ, ఒక్క పూట కూడా, అసూయపడలేదు.

రుమాలు మడిచి పెట్టెలో పెట్టాడు. ముడుల సంగతి నాగులమ్మతో మళ్లీ ఎత్తలేదు. తను నోరు విప్పకపోతే చాలు. చెప్పిన సాక్ష్యం చెప్పినట్టే ఉంటుంది. సోమవారం మధ్యాహ్నానికి వాడలో మంచి పనివాడెవరంటే సీతారాములు అంటారు.

ఆదివారం పొద్దున్న, ఎందుకు పోతున్నాడో తనకే తెలియకుండా, ఐలేశం ఇంటికి వెళ్లాడు. రెండో రుమాలు చూడాలని సాకు.

శారదమ్మ దారం చుట్టే రాట్నం ముందు ఊరికే కూర్చుని ఉంది. పెట్టెలోంచి రుమాలు తీసి ఇచ్చింది. సీతారాములు గుమ్మం దగ్గరే నిలబడి, కళ్లు మూసుకుని అంచు పొడుగునా బొటనవేలు జరిపాడు. నున్నగా ఉంది. ఒక్క నలుసు లేదు. కళ్లు తెరిచేసరికి శారదమ్మ అతన్నే చూస్తోంది. పెళ్లయిన నాటి నుంచి ఆమె అతన్ని ఇంత సూటిగా చూడలేదు. ఎదురుపడితే కొంగు సర్దుకుని పక్కకు తప్పుకునేది. ఇప్పుడామెకు లోకంలో చూడవలసిన మొహం అతనిదొక్కటే. ఆ చూపు ఇంకొక్క రోజు ఉంటుంది. నిజం చెప్పేస్తే మళ్లీ మొగుడి వైపు తిరిగిపోతుంది. అది కూడా ఆలోచించాడు సీతారాములు.

"పోయినేడు మీ అమ్మకు జరమొస్తే నీ మగ్గం మీది చీర ఎవరు నేసి దించిండ్రు బావా?" అని అడిగింది ఆమె.

అతను రుమాలు మడత పెట్టసాగాడు. ఐలేశమే. పదిరోజులు, తన మగ్గం ఆపుకుని, నేసి ఇచ్చాడు. ఆ చీరను షావుకారు మెచ్చుకున్నాడని సీతారాములు నెలరోజులు నిద్రపోలేదు.

"గా చీర నీ పేరు మీదనే పోయింది. నువ్వు నేసినవనే అందరనుకున్నరు. ఆయన నవ్విండు, గంతే. ఇగ ఈ రుమాలు గూడ తీస్కపో. రేపటి సంది నాకెందుకు గిది."

రెండో రుమాలు చంకలో పెట్టుకుని అతను ఇంటికి వచ్చాడు.

సోమవారం మధ్యాహ్నం గడీ వాకిట్లో ఊరంతా కూడింది. మారయ్య సన్నగా, పొడుగ్గా ఉంటాడు. భుజాన తుపాకి, కాళ్లకు దుమ్ము. ఇద్దరు మనుషులను బండిబాట మీద కాపలా నిలబెట్టి వచ్చాడు. మాటిమాటికీ ఎండ చూసుకుంటున్నాడు. ఐలేశం చేతులు వెనక్కి కట్టి నిలబెట్టారు. గండయ్యను పెద్దరికానికి ముందు వరసలో మంచం వేసి కూర్చోబెట్టారు. శారదమ్మ గోడవారగా నిలబడింది.

మారయ్య ఎక్కువ మాట్లాడలేదు. బీరన్న తనకు తమ్ముడి వరస అన్నాడు. ఈ రుమాలు ఎవరిదో సాక్షి మరోసారి చెప్పాలన్నాడు.

సీతారాములు లేచాడు. రెండు రుమాళ్లూ చేతిలో ఉన్నాయి. ఆ నిమిషం వరకూ అతను ఏం చెప్పాలో తేల్చుకోలేదు. ఐలేశం మొహం చూశాడు. ఐలేశం అతన్ని చూడటం లేదు. అతని చేతిలోని రుమాలును చూస్తున్నాడు. అంత చావు ముందు నిలబడి కూడా, దూరం నుంచే, తలొక పక్కకు వంచి, ఆ నేతను చూసి ఆశ్చర్యపోతున్నాడు. ఇంత బాగా ఎవరు నేశారబ్బా అన్న చూపు. అందులో కుళ్లు లేదు. తనకు పుట్టుకతో రానిది ఆ చూపేనని, చెయ్యి కాదని, సీతారాములుకు అప్పుడు తెలిసింది.

"మొన్న నేను తప్పు చెప్పిన" అన్నాడు.

వాకిలి గొల్లుమంది. మారయ్య చెయ్యెత్తి ఆపాడు. ముసలాయన మంచం మీద కదల్లేదు.

సీతారాములు ముడుల మాట ఎత్తితే పని కాదు. ముసలాయన కాదంటాడు, కళ్లు లేనివాడినంటాడు, ఊరు ఆయన్నే నమ్ముతుంది. కుళ్లుతో కాలేవాడికి ఎక్కడ తగిలితే భగ్గుమంటుందో కనుక్కోవడానికి సీతారాములు దూరం పోనక్కరలేదు. తన లోపలే వెతుక్కున్నాడు.

"గిది ఐలేశం చేతిదిగాదు. ఐలేశం గింత పాడుగ నెయ్యడు. బొమ్మ జూసి మోసపోయిన. ఎవడో పని రానోడు వాని బొమ్మ ఎత్కపోయి, పిల్లచేష్ట చేసిండు. ఐలేశం నేసింది గిదీ." అని శారదమ్మ ఇచ్చిన రుమాలు పైకెత్తి చూపించాడు. "దీని ముంగట అది గోనెపట్ట. తొమ్మిది గీత కాడ నల్లదారం జరిగి, ముల్లు వంకరబోయింది. కండ్లున్నోళ్లు చూడుండ్రి."

ముల్లు వంకర పోలేదు. అయినా దూరంగా ఉన్నవాళ్లు, చెప్పాక, కనిపించినట్టే తలలూపారు. ఒకరిద్దరు, అవును, కొంచెం వంకరే అని కూడా అన్నారు.

మంచం కిర్రుమంది.

"ఏది ఇటు తే" అన్నాడు గండయ్య.

సీతారాములు సర్దారు పెట్టెలో దొరికిన రుమాలును ఆయన ఒళ్లో వేశాడు. ముసలి వేళ్లు బొమ్మ జోలికి పోనే లేదు. తిన్నగా అంచు పట్టుకుని, చకచకా పరుగు తీశాయి.

"అబద్ధం. వంకరబోలె."

"పోయింది తాతా. నీకు కనబడదు."

"నాకు చెప్తవారా నువ్వు? తొమ్మిది గీత నలభై రెండో ముడి కాడ వస్తది. నలభై రెండు తప్పలె. ఒక్క పోగు జరగలె. గింత సక్కగ ఐలేశం ఏడ నేసిండు, చూపెట్టుండ్రి."

మారయ్య నాలుగడుగులు ముందుకు వేసి, మంచం ముందు గొంతుక్కూర్చున్నాడు. రుమాలు అంచు చూశాడు. ఏమీ కనిపించలేదు. సీతారాములు అతని బొటనవేలు పట్టుకుని అంచు మీద పెట్టి, మెల్లగా జరిపించాడు. మారయ్య కనుబొమలు ముడిపడ్డాయి.

"ఏ ముడులు తాతా ఇవి?" అన్నాడు. "మేమెవ్వరం ముడి మాట అనలె. ఎవరేసిండ్రు?"

గండయ్య రుమాలును గుండెకు హత్తుకున్నాడు. పొరలు కమ్మిన కళ్లు ఎటో చూస్తున్నాయి. గొంతు సవరించుకుని, మగ్గం దగ్గర పాఠం చెప్పినప్పటిలాగే, నిదానంగా మొదలుపెట్టాడు.

"నావే. ముడులు నావే, నేత నాదే. కండ్లు పోయినయంటే చేతులు గూడ పోయినయనుకున్నరు మీరంత. దినాం ఒకరింటికెల్లి రొట్టె వస్తది. తింట, పంట. బతికున్న అంటరు. ఐలేశం గడియారం కట్టెటప్పుడు మొదటి చిటికి నాతోని కట్టించిండు, రివాజు గదా. కట్టిన. దారం మీద ఏలు పెట్టంగనే బొమ్మ మొత్తం నాకు కనబడ్డది. నలభై ఏండ్లు మగ్గం మీద కూసున్న, గసొంటిది నాకు ఒక్కనాడు తట్టలె. వీనికి కచేరి గోడ చూస్తె తట్టింది. గా దినం సంది నా కడుపుల కాగు మసులుతనే ఉన్నది.

"దారం చెడ్డదని నేనే చెప్పిన. చెడలె. దాసుకున్న. వాడు నేసేది నేను కండ్లు మూసుకొని నేస్తనా లేదా చూద్దామనుకున్న, గంతే. నేసిన. వానికంటె మంచిగ నేసిన. కానీ ఎవరికి చూపెట్టాలె? దొంగ దారం. చూపెడితే దొంగనైత. ఇంటి మూల పెట్టుకొని తడుముకున్న.

"కొత్త బొమ్మ దించితే మొదటి రుమాలు గురువుకు కప్పాలె. తానం జేసి, వాకిట్ల కూసున్న. రాలె. మర్నాడు గూడ కూసున్న. రాలె. ఎవరికిచ్చినవురా అంటే చెప్పలె, నవ్విండు. వాడే తలకు చుట్టుకొని తిరుగుతున్నడనుకున్న. గురువు మొగాన కొట్టి, తన నెత్తికి చుట్టుకున్నడనుకున్న. సంఘం చీటీలు మోసెటోనికి ఇచ్చిండని, గది చెప్పరాని ముచ్చటని నాకు ఎవరు చెప్పిండ్రు?

"దవాఖానకు పోయే దినం గడీ కాడ బండి దిగిన. వాని పేరు చెప్పలె. పేరు చెప్తె పాపం తగుల్తదనుకున్న. గీ రుమాలు వాళ్ల ముంగట పరిచి, గిసొంటిది నెత్తికి చుట్టుకొని వాగు కాడికి వచ్చెటోడు సంఘపోడు అన్న. వాడు దినాం దారం జాడియ్యనీకె వాగుకు పోతడు గదా. వాళ్లు గుడ్డ ఉంచుకున్నరు. నన్ను పొమ్మన్నరు. మూడు దినాలకు తుపాకి చప్పుడు ఇనబడ్డది. సచ్చింది బీరన్న అన్నరు. ఎట్లయిందో నాకు సమజ్ కాలె. నెత్తి మీద గడియారం రుమాలు ఉండెనంట అని ఎవరో అన్నంక సమజైంది. బీరన్న నాకు ఏడాదికో గొంగడి ఇచ్చెటోడు, పైస తీసుకోకుండ.

"గుడ్డను చూడొద్దు, చెయ్యిని చూడుండ్రని మీ ఇద్దరికి నేనే నేర్పిన. నేనే గుడ్డ చూపెట్టి మనిషిని సంపిచ్చిన. వాళ్లు గుడ్డను చూసి కాల్చిండ్రు. మీరు గుడ్డను చూసి ఐలేశంను కట్టేసిండ్రు. వాడు గూడ సస్తడని తెలిసి ఊకున్న. ఎందుకంటవా మారయ్యా? మొన్న గీ రుమాలు నా ఒళ్లె పెట్టినప్పుడు అందరు అనవట్టిరి, ఎంత మంచిగ నేసిండు ఐలేశం, ఎంత మంచిగ నేసిండు అని. నేను నేసిందిరా అది! గది నేను నేసింది! ఐనా వాడే నేసిండన్నరు. అప్పుడు గూడ వాడే గెలిచిండు.

"వాని చేతులు ఇప్పుండ్రి. నన్నేం జేస్తరో చేసుకోండ్రి, తొందరగ చెయ్యిండ్రి, మీకు దూరం పోవాలె. ఒక్కటే అడుగుత. రేపటి సంది ఎవరన్న గీ రుమాలు ముచ్చట తీస్తే, ఐలేశం నేసిండని మాత్రం చెప్పకుండ్రి. కండ్లు లేని గండయ్య నేసిండని చెప్పుండ్రి."